పునఃస్ఫటికీకరణానికి ద్రావణి ఎంపిక: పాఠ్య నియమాలపై ఒక విమర్శనాత్మక పరిశీలన

కర్బన రసాయన ప్రయోగాలకు వచ్చేముందు మీరు పునఃస్ఫటికీకరణం గురించి ఎక్కడో ఒకచోట చదివే ఉంటారు. అందులో 'ఆదర్శ ద్రావణికి ఉండవలసిన లక్షణాలు' అనే జాబితా తప్పక ఉంటుంది. ద్రావణి వేడిగా ఉన్నప్పుడు పదార్థాన్ని బాగా కరిగించాలి, చల్లగా ఉన్నప్పుడు కరిగించకూడదు. మలినాలను పూర్తిగా కరిగించాలి, లేదా అసలు కరిగించకూడదు. పదార్థంతో చర్య జరపకూడదు. దాని మరుగు స్థానం పదార్థపు ద్రవీభవన స్థానం కంటే తక్కువగా ఉండాలి. తేలికగా ఆవిరి కావాలి. చవకగా దొరకాలి, ప్రమాదకరం కాకూడదు. దీనికి తోడు 'సమానం సమానాన్ని కరిగిస్తుంది' అనే సూత్రం: ధ్రువ పదార్థాలకు ధ్రువ ద్రావణులు, అధ్రువ పదార్థాలకు అధ్రువ ద్రావణులు.

పరీక్షలో ఈ జాబితా రాస్తే మార్కులు వస్తాయి. కాని ప్రయోగశాల బల్ల మీద ఒక తెల్లటి పొడి, ఎదురుగా నీరు, ఇథనాల్, ఎసిటోన్, ఇథైల్ ఎసిటేట్, హెక్సేన్ సీసాలు పెట్టి "దేనితో చేస్తారు?" అని అడిగితే, జాబితా అప్పచెప్పగలిగిన విద్యార్థి కూడా పక్క బల్ల వైపు చూస్తాడు. అది అతని లోపం కాదు. జాబితాలోని వాక్యాల్లో అబద్ధం లేదు. కాని వాటిలో ఏది ముందు చూడాలి, ఏది ఎంతవరకు నిజం, ఏది లెక్కకట్టి తేల్చుకోవాలి అన్నది జాబితా చెప్పదు. ఈ వ్యాసంలో ఆ నియమాలను ఒక్కొక్కటిగా తీసుకొని, మీరు చేసే ప్రయోగాల ముందే నిలబెట్టి చూద్దాం.

బాగా కరిగించేది మంచి ద్రావణేనా?

ముందుగా 'సమానం సమానాన్ని కరిగిస్తుంది' అన్న సూత్రం. బెంజోయిక్ ఆమ్లాన్ని తీసుకోండి. ఇందులో ఒక బెంజీన్ వలయం, ఒక కార్బాక్సిలిక్ సమూహం ఉన్నాయి. కొంత అధ్రువ భాగం, కొంత ధ్రువ భాగం. ఇథనాల్ కూడా అలాంటిదే: ఒకవైపు ఇథైల్, మరోవైపు హైడ్రాక్సిల్. సూత్రం ప్రకారం ఇథనాల్ దీనికి చక్కని జోడీ. నిజంగానే ఇథనాల్‌లో బెంజోయిక్ ఆమ్లం అద్భుతంగా కరుగుతుంది. 1 గ్రాము కరగడానికి చల్లని ఇథనాల్ సుమారు 2.3 మి.లీ., మరిగే ఇథనాల్ సుమారు 1.5 మి.లీ. చాలు.

ఇప్పుడు లెక్క చూడండి. 1 గ్రాము ఆమ్లాన్ని 1.5 మి.లీ. మరిగే ఇథనాల్‌లో కరిగించి చల్లార్చారు. 2.3 మి.లీ. చల్లని ఇథనాల్ 1 గ్రామును పట్టి ఉంచగలదు కాబట్టి 1.5 మి.లీ. సుమారు 0.65 గ్రాములను పట్టి ఉంచుతుంది. మీ చేతికి వచ్చే స్ఫటికాలు 0.35 గ్రాములు. మూడింట రెండు వంతులు ద్రావణంలోనే ఉండిపోయాయి.

అదే ఆమ్లానికి నీటిని తీసుకుందాం. 25° సె. వద్ద 100 మి.లీ. నీటిలో బెంజోయిక్ ఆమ్లం 0.34 గ్రాములే కరుగుతుంది. మరిగే నీటిలో సుమారు 5.6 గ్రాములు కరుగుతుంది. అంటే 1 గ్రాముకు సుమారు 18 మి.లీ. మరిగే నీరు కావాలి. చల్లారాక ఆ 18 మి.లీ. నీటిలో మిగిలిపోయేది 0.06 గ్రాము మాత్రమే. 0.94 గ్రాము స్ఫటికాలుగా తిరిగి వస్తుంది.

'సమానం' కాని నీరు గెలిచింది. సూత్రం తప్పా? సూత్రం తప్పు కాదు. అది సమాధానం ఇచ్చే ప్రశ్న వేరు. 'ఈ పదార్థాన్ని ఏది కరిగిస్తుంది?' అన్నది ఆ ప్రశ్న. ఒక గాజు పాత్రకు అంటుకున్న పదార్థాన్ని కడగాలన్నా, ఒక మిశ్రమం నుంచి పదార్థాన్ని నిష్కర్షణ చేయాలన్నా అది సరైన ప్రశ్నే. కాని పునఃస్ఫటికీకరణంలో మీరు అడగవలసింది 'వేడిగా ఉన్నప్పుడు తీసుకున్నదాన్ని చల్లారాక ఏది తిరిగి ఇస్తుంది?' అని. దీనికి ఒక్క ఉష్ణోగ్రత వద్ద ఉన్న ద్రావణీయత సరిపోదు. రెండు ఉష్ణోగ్రతల వద్ద ద్రావణీయతలు, వాటి నిష్పత్తి కావాలి. నీటిలో బెంజోయిక్ ఆమ్లానికి ఆ నిష్పత్తి 16కు పైనే. ఇథనాల్‌లో 1.5 మాత్రమే.

దీనికి కారణం మీరు భౌతిక రసాయన శాస్త్రంలో చదివినదే. కరగడంలో ఎంత ఎక్కువ ఉష్ణం గ్రహించబడుతుందో, ఉష్ణోగ్రతతో ద్రావణీయత అంత నిటారుగా పెరుగుతుంది. ద్రావణికీ ద్రావితానికీ పొత్తు బాగా కుదిరితే కరగడానికి ఉష్ణం పెద్దగా అక్కర్లేదు. చల్లగా ఉన్నా కరుగుతుంది, వేడి చేస్తే అదనంగా కరిగేది కొద్దిగానే ఉంటుంది. పొత్తు అంతంతమాత్రమైతే చల్లగా ఉన్నప్పుడు కరగదు, వేడి దాన్ని బలవంతంగా కరిగిస్తుంది. మనకు కావలసింది ఈ రెండో రకం. ఉప్పు విషయంలో నిటారుతనం దాదాపు లేనే లేదు. 100 మి.లీ. నీటిలో 25° వద్ద 36 గ్రాములు, 100° వద్ద 39 గ్రాములు. అందుకే కోస్తాలో ఉప్పు మళ్ళల్లో నీటిని ఎండబెట్టి ఉప్పు తీస్తారు. మరిగించి చల్లార్చి తీయాలనుకుంటే పిడికెడు కూడా రాదు.

కాబట్టి ఈ సూత్రాన్ని పారేయకండి, దాని చోటు మార్చండి. మీ పదార్థానికి అచ్చంగా సమానమైన ద్రావణిని, పూర్తిగా విరుద్ధమైన ద్రావణిని రెండింటినీ పక్కన పెట్టి, నడిమధ్య ఉన్నవాటితో పరీక్ష మొదలుపెట్టడానికి అది పనికివస్తుంది.

మీ ప్రగతిని పరీక్షించుకోండి: ఒక విద్యార్థి 1 గ్రాము బెంజోయిక్ ఆమ్లాన్ని "పూర్తిగా కరిగితే చాలు" అనుకొని 50 మి.లీ. మరిగే నీటిలో కరిగించాడు. ఎండాకాలం కావడంతో ద్రావణం 40° సె. వరకే చల్లారింది. 40° వద్ద 100 మి.లీ. నీటిలో 0.55 గ్రాము కరుగుతుంది. అతనికి ఎంత తిరిగి వస్తుంది? (జవాబు: సుమారు 0.72 గ్రాము. 18 మి.లీ. నీరు వాడి 25° వరకు చల్లార్చి ఉంటే వచ్చేదానితో పోల్చండి.)

మలినాల నియమం చెప్పని సంగతి

'మలినాలు ద్రావణిలో పూర్తిగా కరగాలి లేదా అసలు కరగకూడదు' అన్నది జాబితాలో అన్నిటికంటే నిరాశపరిచే వాక్యం. మలినం ఏమిటో తెలియని విద్యార్థికి దాని ద్రావణీయత ఎలా తెలుస్తుంది? పైగా చర్యలో మిగిలిపోయిన పదార్థాలు, పక్క ఉత్పన్నాలు తరచుగా మీ పదార్థానికి దగ్గరి బంధువులే. వాటి ద్రావణీయత కూడా దగ్గరగానే ఉంటుంది. ఈ వాక్యాన్ని నమ్మితే అలాంటి మిశ్రమాన్ని పునఃస్ఫటికీకరణంతో శుద్ధి చేయడం అసాధ్యం అనుకోవాలి. నిజానికి అది నిత్యం జరిగే పనే.

ఎలాగో చూద్దాం. మీ దగ్గర 2 గ్రాముల ముడి ఎసిటానిలైడ్ ఉంది. అందులో 0.1 గ్రాము మలినం. ఆ మలినపు ద్రావణీయత ఎసిటానిలైడ్‌తో సరిగ్గా సమానం అనుకుందాం, అంటే నియమం ప్రకారం అత్యంత చెడ్డ పరిస్థితి. ఎసిటానిలైడ్ 100 మి.లీ. మరిగే నీటిలో సుమారు 5 గ్రాములు, 25° వద్ద సుమారు 0.54 గ్రాము కరుగుతుంది. 2 గ్రాములకు 40 మి.లీ. మరిగే నీరు తీసుకున్నారు. చల్లారాక ఆ 40 మి.లీ. సుమారు 0.22 గ్రాము ఎసిటానిలైడ్‌ను పట్టి ఉంచుతుంది. మలినాన్ని కూడా 0.22 గ్రాము వరకు పట్టి ఉంచగలదు. కాని మలినం ఉన్నదే 0.1 గ్రాము. ద్రావణం దానితో ఎప్పుడూ సంతృప్తం కాదు. కాబట్టి అది స్ఫటికంగా బయటకు రావలసిన అవసరమే లేదు. 1.9 గ్రాముల ఎసిటానిలైడ్‌లో 1.68 గ్రాములు శుద్ధంగా వస్తాయి.

మలినం వేరు కావడానికి ముఖ్యమైన కారణం అది వేరే రకంగా కరగడం కాదు, తక్కువగా ఉండడం. ఈ ఒక్క సంగతి తెలిస్తే పునఃస్ఫటికీకరణం గురించి మీ అవగాహన మారిపోతుంది. మలినం 0.4 గ్రాము ఉన్నప్పుడు ఏమవుతుందో మీరే చెప్పగలరు: సుమారు 0.18 గ్రాము స్ఫటికాలతో పాటు వస్తుంది, రెండోసారి చేస్తే అది కూడా పోతుంది. ముడి పదార్థం మరీ మురికిగా ఉంటే ఒక్కసారితో ద్రవీభవన స్థానం ఎందుకు సరిగ్గా రాదో కూడా అర్థమవుతుంది. ఈ లెక్కకు లొంగని సందర్భం ఒకటుంది. రెండు అణువుల ఆకారం మరీ దగ్గరగా ఉంటే ఒకదాని స్ఫటికంలో మరొకటి చోటు చేసుకొని కూర్చుంటుంది. ఆంత్రసీన్‌లో కార్బజోల్ అలాంటిదే. అక్కడ ద్రావణి ఎంత మంచిదైనా ఒక్కసారిలో పని కాదు.

ఇదే లెక్క 'కనిష్ఠ పరిమాణంలో వేడి ద్రావణి వాడండి' అనే మరో ఆదేశాన్ని కూడా ప్రశ్నిస్తుంది. దిగుబడి కోసమైతే ఆ ఆదేశం సరైనదే. పై ఎసిటానిలైడ్‌కు 40 మి.లీ. బదులు 100 మి.లీ. నీరు పోస్తే 0.54 గ్రాము పోతుంది. 200 మి.లీ. పోస్తే సగానికి పైగా పోతుంది. కాని మలినం కూడా ద్రావణంలోనే ఉండాలంటే దానికి చోటు కావాలి. బొటాబొటీగా పోస్తే మలినం కూడా సంతృప్తమయ్యే ప్రమాదం ఉంది. వేడి ద్రావణాన్ని వడకట్టేటప్పుడు గరాటు కాడలోనే స్ఫటికాలు బిగుసుకోవడం ఎలాగూ ఉన్నదే. పూర్తిగా కరిగించే పరిమాణం మీద మరికొంత, సుమారు పదో వంతు, అదనంగా పోయడం నా అలవాటు. దిగుబడి, శుద్ధత రెండూ ఒకేసారి గరిష్ఠంగా రావు. ఎంత దిగుబడి వదులుకొని ఎంత శుద్ధత కొనాలన్నది మీరు తీసుకోవలసిన నిర్ణయం.

నూనె బొట్ల కథ

'ద్రావణి మరుగు స్థానం పదార్థపు ద్రవీభవన స్థానం కంటే తక్కువ ఉండాలి' అన్న నియమం వెనుక ఉద్దేశం మంచిదే. పదార్థం ద్రావణం నుంచి ఘనంగా కాక ద్రవంగా బయటపడితే అది నూనె బొట్లలా అడుగున చేరుతుంది. ఆ నూనె మలినాలకు మంచి ద్రావణి. శుద్ధి చేయవలసినదే మలినాలను పోగుచేసుకుంటుంది. చల్లారాక ముద్దగా గడ్డకడుతుంది.

కాని నియమాన్ని అక్షరాలా పాటించినా ఈ కష్టం తప్పదు. ఎసిటానిలైడ్ ద్రవీభవన స్థానం 114°. నీటి మరుగు స్థానం 100°. నియమం తృప్తిపడింది. అయినా ఎసిటానిలైడ్ గాఢత సుమారు 5 శాతం దాటితే 83° పైన నూనె బొట్లు కనిపిస్తాయి. ఎందుకంటే 114° అన్నది పొడి ఎసిటానిలైడ్ ద్రవీభవన స్థానం. నీటిని కొంత తనలో కలుపుకున్న ఎసిటానిలైడ్ అంతకంటే చాలా తక్కువ ఉష్ణోగ్రత వద్దే ద్రవమవుతుంది. మలినాలు ఆ స్థానాన్ని మరింత దించుతాయి. ప్రయోగశాలలో ఈ బొట్లను చూసి 'కరగని మలినం' అనుకొని వడకట్టి పారేసిన విద్యార్థులను చూశాను. పారేసింది వారి పదార్థాన్నే. అలాంటప్పుడు చేయవలసింది మరికొంత మరిగే నీరు పోసి, బొట్లు మాయమయ్యేవరకు కలపడం.

దీనికి ఎదురు ఉదాహరణ నాఫ్తలీన్. ద్రవీభవన స్థానం 80°, ఇథనాల్ మరుగు స్థానం 78°. రెండు డిగ్రీల తేడా. నియమాన్ని బట్టి చూస్తే ఇది అంచు మీద నడక. అయినా నాఫ్తలీన్ ఇథనాల్ నుంచి చక్కని పలుచని రేకుల్లా వస్తుంది. ఎందుకు? ద్రావణం మరిగే ఉష్ణోగ్రత కాదు ముఖ్యం, పదార్థం విడివడడం మొదలయ్యే ఉష్ణోగ్రత ముఖ్యం. నాఫ్తలీన్ ఇథనాల్ నుంచి బయటకు రావడం మొదలయ్యేసరికి ద్రావణం 80° కంటే బాగా కింద ఉంటుంది. కాబట్టి ఈ నియమాన్ని హెచ్చరికగా తీసుకోండి. తీర్పు మాత్రం మీ కుప్పెలో కనిపించేది చెబుతుంది. నూనె కనిపిస్తే ద్రావణిని పెంచండి, నెమ్మదిగా చల్లార్చండి, కుప్పె గోడను గాజు కడ్డీతో గీకండి, లేదా దాచుకున్న ఒక చిన్న స్ఫటికాన్ని బీజంగా వేయండి. అప్పటికీ లొంగకపోతే మరిగే స్థానం ఇంకా తక్కువగా ఉన్న ద్రావణికి మారండి.

మిగిలిన నియమాలు

'చర్య జరపకూడదు' అనగానే మీకు బుసబుస పొంగే చర్య గుర్తుకు రావచ్చు. ప్రయోగశాలలో మోసం చేసేవి చప్పుడు లేని చర్యలు. ఆస్పిరిన్ ఒక ఎస్టర్. దాన్ని నీటిలో మరిగిస్తే కొంత విచ్ఛిన్నమై సాలిసిలిక్ ఆమ్లం, ఎసిటిక్ ఆమ్లం వస్తాయి. కంటికి ఏ మార్పూ కనిపించదు. స్ఫటికాలూ వస్తాయి. కాని కొద్ది స్ఫటికాలను ఇథనాల్‌లో కరిగించి ఒక చుక్క ఫెర్రిక్ క్లోరైడ్ వేస్తే ఊదారంగు కనిపిస్తుంది. శుద్ధి చేసి మరీ మలినం తయారుచేసుకున్నారన్నమాట. అందుకే ఆస్పిరిన్‌ను గోరువెచ్చని ఇథనాల్‌లో కరిగించి, వెచ్చని నీరు చేర్చి చల్లారుస్తారు, మరిగించరు. ప్రాథమిక ఎమీన్‌కు ఎసిటోన్ కూడా ఇలాగే పనికిరాదు. అవి కలిసి ఇమీన్ ఏర్పడవచ్చు. ఈ నియమాన్ని మాత్రం జాబితాలో మొట్టమొదట పెట్టాలి. ఇక్కడ తప్పితే మిగతా లెక్కలన్నీ వృథా.

'తేలికగా ఆవిరి కావాలి' అన్న నియమాన్ని మన ఎండల్లో జాగ్రత్తగా చదవండి. డైఇథైల్ ఈథర్ 35° వద్ద మరుగుతుంది. మే నెలలో మన గదుల్లో ఉష్ణోగ్రత అంతకంటే ఎక్కువ ఉండవచ్చు. అప్పుడు దానికి 'వేడి', 'చల్లన' అనే తేడా ఎక్కడిది? ఎసిటోన్ 56° వద్ద మరుగుతుంది. గది 40° ఉంటే మీకు దొరికేది 16 డిగ్రీల వ్యవధి. నీటికి అదే గదిలో 60 డిగ్రీల వ్యవధి ఉంటుంది. పుస్తకాల్లోని పట్టికలు 25° గదిని దృష్టిలో పెట్టుకొని రాసినవి. ఐసు దొరికితే ఈ వ్యవధిని కింద నుంచి పెంచవచ్చు. ఈథర్, ఎసిటోన్, హెక్సేన్, ఇథనాల్ వేటినీ బర్నర్ మంట మీద వేడి చేయకూడదు. మంట ఆర్పేసిన వేడినీటి తొట్టెలో పెట్టే కరిగించాలి. ఈథర్ ఆవిరి గాలికంటే బరువైనది, బల్ల వెంట పాకి దూరంగా ఉన్న మంటను కూడా అందుకుంటుంది.

చివరగా 'ప్రమాదకరం కాకూడదు'. పాత ప్రయోగ పుస్తకాల ద్రావణి పట్టికల్లో బెంజీన్, క్లోరోఫాం పేర్లు నీరు, ఇథనాల్ పక్కనే మామూలుగా కనిపిస్తాయి. వాటిని అలాగే ఎత్తిరాయకండి. బెంజీన్ మనుషుల్లో క్యాన్సర్ కలిగిస్తుందని రుజువైన పదార్థం. మీలో కొందరు జీడిమెట్లలోనో, పటాన్‌చెరులోనో, విశాఖ దగ్గరి పరవాడలోనో ఔషధ పరిశ్రమల్లో పనిచేస్తూ ఈ కోర్సు చదువుతూ ఉండవచ్చు. మందులో మిగిలిపోగల ద్రావణికి ఐ.సి.హెచ్. మార్గదర్శకాలు పెట్టిన హద్దులు మీకు తెలిసే ఉంటాయి: బెంజీన్‌కు 2 పి.పి.ఎం., క్లోరోఫాంకు 60, మిథనాల్‌కు 3000, ఇథనాల్, ఎసిటోన్, ఇథైల్ ఎసిటేట్‌లకు 5000. స్ఫటికం ఎంత మెరిసినా అందులో ద్రావణి కొంత చిక్కుకునే ఉంటుంది. దాన్ని ఎవరో మింగుతారు. చవక అన్న మాటతో పాటు ఈ అంకెను కూడా పక్కన పెట్టుకొని ఎంచుకోండి.

పరీక్షనాళికలో తేల్చుకోవడం

ఇంతకీ సీసా ఎలా ఎంచుకోవాలి? ముందు చర్య జరిపేవాటిని, ప్రమాదకరమైనవాటిని తీసేయండి. మిగిలినవాటికి ఒక్కొక్క చిన్న పరీక్షనాళిక తీసుకోండి. ఒక్కో నాళికలో 0.1 గ్రాము, అంటే స్పాచులా కొనమీద పట్టేంత పొడి వేసి, 1 మి.లీ. ద్రావణి పోసి కుదపండి. చల్లగానే కరిగిపోతే ఆ ద్రావణి పనికిరాదు. అక్కడే ఆపండి. కరగకపోతే వేడి చేయండి. అప్పుడూ కరగకపోతే కొద్దికొద్దిగా 3 మి.లీ. వరకు పెంచుతూ చూడండి. వేడికి కరిగిన నాళికలను పక్కన పెట్టి చల్లార్చండి. గీకినా, ఐసులో పెట్టినా స్ఫటికాలు రాని నాళికను వదిలేయండి. స్ఫటికాలు వచ్చినవాటిలో దేనిలో ఎక్కువగా, తెల్లగా, పలుకులుగా వచ్చాయో చూడండి. పై లెక్కలో కనిపించిన నిష్పత్తిని మీ కళ్ళతోనే చూస్తున్నారన్నమాట. ఈ నాళికల్లోని పదార్థాన్ని పారేయకండి. అసలు ప్రయోగంలో బీజంగా పనికివస్తుంది.

ఏ ఒక్కటీ సరిపోకపోతే, చల్లగానే కరిగించినదాన్ని, వేడిగా కూడా కరిగించనిదాన్ని జత చేయండి. రెండూ ఒకదానిలో ఒకటి కలిసేవై ఉండాలి. ఇథనాల్, నీరు మంచి జంట. పదార్థాన్ని కొద్ది వేడి ఇథనాల్‌లో కరిగించి, వేడి నీటిని చుక్కచుక్కగా చేర్చండి. మసక కదిపినా పోకుండా నిలిచినప్పుడు ఆపి, అది తేటపడేవరకు రెండు మూడు చుక్కల ఇథనాల్ వేసి చల్లార్చండి. 'ఇథనాల్–నీరు మిశ్రమం' అని నిష్పత్తి లేకుండా రాసే పుస్తకాలు దాచిపెట్టేది ఈ మసకనే. నిష్పత్తిని పుస్తకం కాదు, ఆ మసక చెబుతుంది.

వడకట్టాక వచ్చిన మాతృద్రవాన్ని స్ఫటికాలు తూచి, లెక్క సరిపోయేవరకు ఉంచండి. దిగుబడి తక్కువగా ఉంటే మిగిలినది అందులోనే ఉంది. సగానికి ఇంకించి చల్లారిస్తే రెండో విడత స్ఫటికాలు వస్తాయి. వాటిని మొదటి విడతతో కలపకుండా విడిగా ద్రవీభవన స్థానం చూడండి.

మీ ప్రయోగ రికార్డులో 'తగిన ద్రావణి నుంచి పునఃస్ఫటికీకరించితిని' అనే వాక్యం చాలాకాలంగా రాస్తూ వస్తున్నాం. ఈ వాక్యం చదివి మీరు ఏ నిర్ణయం తీసుకున్నారో ఏ పరీక్షకుడూ చెప్పలేడు. బదులుగా ఇలా రాయండి: "ఇథనాల్‌లో చల్లగానే కరిగింది, వదిలేశాను. హెక్సేన్‌లో వేడికి కూడా కరగలేదు. నీటిలో వేడికి 2 మి.లీ.లో కరిగి, చల్లారాక సూదుల్లాంటి స్ఫటికాలు వచ్చాయి. 2.0 గ్రాముల ముడి పదార్థానికి 45 మి.లీ. నీరు వాడాను. మొదట నూనె బొట్లు కనిపించాయి, 5 మి.లీ. నీరు చేర్చాక పోయాయి. గది ఉష్ణోగ్రత 36°. దిగుబడి 1.5 గ్రాములు, ద్రవీభవన స్థానం 113–114°."